మీకేమవుతారు అనే కాలమ్ దగ్గరే అసలు చట్టం ఉంటది

నేను విజయనగరం జిల్లాలో ఒక చిన్న టౌన్లో దస్తావేజులు రాసే ఆయన దగ్గర పన్నెండేళ్ళ నుంచి పనిచేస్తున్నాను, ఆయన చెప్తుంటే నేను కంప్యూటర్లో కొడతాను, ఖాళీగా ఉన్నప్పుడు వచ్చినవాళ్ళకి ఆన్‌లైన్ అప్లికేషన్లు కూడా నింపిపెడతాను. చట్టం అనగానే మనకి నల్లకోటు, పోలీస్ స్టేషను, జడ్జిగారు కళ్ళముందు కనిపిస్తారు గానీ మామూలు మనిషి బతుకులోకి చట్టం వచ్చే దారి అది కాదండి. ఏ అప్లికేషన్ తీసినా పేరు తర్వాత "తండ్రి / భర్త పేరు" అని, కిందకొస్తే "సంబంధం" అని ఒక కాలమ్ ఉంటది చూడండి, అక్కడినుంచి వస్తది.

మగాడికి పుట్టిన దగ్గర్నుంచి పోయేదాకా ఆ కాలమ్‌లో తండ్రి పేరే. ఆడమనిషికి పెళ్ళి దాకా తండ్రి, తర్వాత భర్త, భర్త పోతే ముందు కీర్తిశేషులు అని తగిలించి మళ్ళీ ఆయనే. భర్త వదిలేసి పదిహేనేళ్ళయిన మనిషి నా ముందు కుర్చీలో కూర్చుని "ఏటి రాయమంతావు బావూ" అని నన్నే అడుగుతుంది. పద్నాలుగేళ్ళప్పుడు ఇంట్లోంచి గెంటేసిన ట్రాన్స్ అమ్మాయి, అంటే మగపిల్లాడిగా పుట్టి ఆడపిల్లగా బతికే మనిషి, తండ్రి పేరు అడిగితే తలొంచుకుంటుంది. ఒకే ఇంట్లో ఇరవయ్యేళ్ళుగా కలిసుంటున్న ఇద్దరు ఆడవాళ్ళకి ఆ కాలమ్‌లో రాయడానికి మాటే లేదు. చాలామంది సమాజంలో తేడాలు ముందే ఉన్నాయి, చట్టం వాటిని తగ్గించడానికి వచ్చింది అనుకుంటారు, కొంతవరకు నిజమే గానీ ఎవరు ఎవరికి ఏమవుతారో తేల్చేదే చట్టం కాబట్టి చాలా తేడాలు అక్కడే తయారవుతున్నాయి, నేను ఈ రాతంతా రాసేది ఆ ఒక్క సంగతి చెప్పడానికే.

ముందు భూమి సంగతి. పోయినేడాది రాజాం పక్క ఊరి నుంచి ఒకాయన ఇద్దరు అప్పల్ని, అంటే అక్కల్ని, వెంటబెట్టుకొచ్చాడు, రెండెకరాల చిల్లర మెట్ట, తండ్రి పోయాడు, అక్కలు తమ వాటా తనకి వదిలేసినట్టు హక్కు విడుదల దస్తావేజు రాయాలన్నాడు. పెద్దావిడని పలాస వైపు ఇచ్చారు, ఇరవై ఏళ్ళుగా జీడిపప్పు ఒలిచే పని. జీడిపిక్క జిడ్డుకి వేళ్ళు కాలి కాలి చర్మం నున్నగా అయిపోయింది, వేలిముద్ర మిషన్ మీద పెడితే పడట్లేదు, గుడ్డతో తుడిచారు, కొబ్బరినూనె రాశారు, వేలు మార్చారు, నాలుగుసార్లు ఎర్ర లైటే వెలిగింది. ఆ మిషను దగ్గర ఆవిడ మొహంలో ఒక్క క్షణం ఆశ లాంటిది కనపడింది, ముద్ర పడకపోతే పని ఆగిపోద్దేమో అని. అయిదోసారి పడింది. బయటికొచ్చాక నేను ఊరుకోలేక "అమ్మా మీకు సమాన వాటా ఉంది, తెలుసా" అంటే "తెల్దేటి బావూ, తెలుసు. సంతకం ఎట్టకపోతే రేపు పండక్కి పుట్టింటికి ఎలాగెల్తాను" అంది. తమ్ముడు ఇద్దరికీ చెరో చీర పెట్టాడు, దారి ఖర్చులిచ్చాడు.

ఇందులో చట్టం తప్పేముంది అంటారు, కాస్త వెనక్కెళ్ళి చూడాలి. 1956 హిందూ వారసత్వ చట్టంలో తండ్రి స్వార్జితంలో కూతురికి వాటా ఇచ్చారు గానీ తాతలనాటి ఉమ్మడి ఆస్తిలో కొడుక్కి ఉన్నట్టు పుట్టుకతో వచ్చే హక్కు ఇవ్వలేదు. మన రాష్ట్రం అందరికంటే ముందు మేలుకుంది, ఎన్టీఆర్ ప్రభుత్వం 1986లో సవరణ తెచ్చి 1985 సెప్టెంబర్ 5 నుంచి అమల్లోకి వచ్చినట్టు పెట్టింది, కాకపోతే ఆ తేదీకి పెళ్ళి కాని కూతుళ్ళకే. అంటే ఆ ఏడు ఆగస్టులో పెళ్ళయిన అక్కకి లేదు, పెళ్ళికాని చెల్లెలికి ఉంది, ఒక్క తల్లి కడుపున పుట్టిన ఇద్దరి మధ్య ముహూర్తం గోడ కట్టింది. కేంద్రం 2005 సెప్టెంబర్ 9 నుంచి పెళ్ళితో పనిలేకుండా దేశమంతా కూతుళ్ళకి సమానం అంది. తండ్రి ఆ తేదీకి బతికుండాలా వద్దా అని పదిహేనేళ్ళు కోర్టుల చుట్టూ తిరిగాక 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు అక్కర్లేదని తేల్చింది. హక్కు కాగితం మీదకి రావడానికి ఇన్నేళ్ళు పట్టింది, అదే హక్కుని ఒక్క పూటలో, చీరకి వదిలేయించడానికి అదే చట్టం ఒక తేలికైన కాగితం కూడా ఇచ్చింది, అది టైప్ చేసేవాణ్ణి నేనే. ఆ సంతకం పెట్టే మనిషిని వేరే గదిలో కూర్చోబెట్టి, అన్నదమ్ములు పక్కన లేకుండా, నీ వాటా విలువ ఇంత అని చెప్పి అడిగే నిబంధన ఒకటి ఉండుంటే ఎన్ని ముద్రలు పడేవి కాదో అని నాకు ఎప్పుడూ అనిపిస్తది.

ఇంకోటి ఉంది, దీని గురించి మన ఆడవాళ్ళలో నూటికి తొంభైమందికి తెలీదనే నా నమ్మకం. వీలునామా లేకుండా మగాడు పోతే ఆస్తి తల్లికి, భార్యకి, పిల్లలకి వెళ్తది. ఆడమనిషి పోతే? అదే చట్టం 15వ సెక్షన్ ప్రకారం ముందు పిల్లలు, భర్త. వాళ్ళు లేకపోతే భర్త వారసులు, అంటే అత్తింటివాళ్ళు. ఆ వరసలో ఎవరూ లేకపోతేనే ఆవిడ కన్నతల్లి, కన్నతండ్రి. పుట్టింటి నుంచి వారసత్వంగా వచ్చింది అయితే పిల్లలు లేనప్పుడు తండ్రి వైపుకే తిరిగెళ్తది, కానీ తన రెక్కల కష్టంతో సంపాదించింది మాత్రం అత్తింటికే. 2009లో సుప్రీంకోర్టు దాకా ఒక కేసు వెళ్ళింది, పెళ్ళయిన మూడు నెలలకే భర్త పోతే అత్తింటివాళ్ళు తరిమేశారు, ఆవిడ పుట్టింటికొచ్చి చదువుకుని ఉద్యోగం చేసి నలభై ఏళ్ళు బతికింది, బ్యాంకులో డబ్బు, పీఎఫ్ మిగిల్చి వీలునామా రాయకుండా పోయింది. చదివించిన కన్నతల్లి అడిగింది, తరిమేసిన వైపువాళ్ళూ అడిగారు. సానుభూతితో తీర్పు ఇవ్వలేం, సెక్షన్ ఇలాగే ఉంది అని అత్తింటివాళ్ళకే ఇచ్చారు. నాకు ఈ కేసు చదివినప్పుడల్లా జీడిపప్పు ఒలిచే ఆ పెద్దావిడ వేళ్ళే గుర్తొస్తాయి.

మన పక్కనే సీతంపేట, గుమ్మలక్ష్మీపురం వైపు సవర, జాతాపు ఆడవాళ్ళకైతే ఈ మాత్రం కూడా లేదు, ఎందుకంటే హిందూ వారసత్వ చట్టం షెడ్యూల్డ్ తెగలకి వర్తించదు, ఆచారం ఏది చెప్తే అది. 2022 డిసెంబర్లో సుప్రీంకోర్టు ఈ చట్టాన్ని మార్చే సంగతి ఆలోచించండని కేంద్రానికి చెప్పింది, 2025 జూలైలో ఇంకో కేసులో ఆడవాళ్ళకి వాటా లేదనే ఆచారాన్ని ఎవరూ రుజువు చెయ్యనప్పుడు గిరిజన మహిళకి కూడా సమాన వాటా ఇవ్వాల్సిందే అంది. మంచిదే, కానీ కొండమీద నుంచి కోర్టు దాకా రావాలంటే బస్సు ఛార్జీ దగ్గర్నుంచి లెక్క వేసుకోవాలి.

ఇక్కడ ఒకటి అడుగుతారు చాలామంది, జనం మనసు మారకుండా చట్టం ఏం చేస్తది అని. ఈ ప్రశ్నకి విజయనగరం కంటే మంచి ఊరు లేదు. గురజాడ అప్పారావు గారు 1897లో తన నాటకానికి రాసుకున్న ఇంగ్లీషు ముందుమాటలో ఒక లెక్క ఇచ్చారు, విజయనగరం మహారాజా గారు విశాఖపట్నం జిల్లాలో మూడేళ్ళలో బ్రాహ్మణ కుటుంబాల్లో జరిగిన శుల్కం పెళ్ళిళ్ళ, అంటే పిల్ల తండ్రికి డబ్బిచ్చి పిల్లని చేసుకునే పెళ్ళిళ్ళ జాబితా తయారు చేయించారట, దొరికినవి 1,034, అందులో అయిదేళ్ళ పిల్లలవి 99, నాలుగేళ్ళవి 44, మూడేళ్ళవి 36, రెండేళ్ళవి 6, ఏడాది పిల్లలవి 3. ఆ పసిగుడ్డుల ధర 350 నుంచి 400 రూపాయలు. అప్పట్లో ఇది నేరం కాదు, బజంత్రీలతో ఊరేగించి చేసుకునేవాళ్ళు. 1929లో శారదా చట్టం ఆడపిల్ల పెళ్ళికి కనీస వయసు 14 అని పెట్టి 1930 ఏప్రిల్ నుంచి అమలు అంది, ఆ మధ్య నెలల్లో చట్టం రాకముందే కానిచ్చేద్దామని దేశమంతా తొందరపడి పిల్లల పెళ్ళిళ్ళు చేసేశారు. 1978లో 18 అయింది. ఇప్పుడు కూడా మన జిల్లాల్లో పదహారేళ్ళ పిల్లకి పెళ్ళి జరుగుతుంది, కాదనను, కానీ తెల్లవారుజామున ఏ గుళ్ళోనో, కార్డు కొట్టించకుండా, అంగన్‌వాడీ టీచర్‌కి తెలీకుండా జరుగుతుంది. ఊరేగించుకునే పనిని దాక్కుని చేసే పని చేసింది చట్టం. అది చిన్న మార్పు అంటే నేను ఒప్పుకోను.

మరి కట్నం? 1961 నుంచి ఇచ్చినా తీసుకున్నా నేరమే, అయినా తాంబూలంలో కారు తాళం పెట్టి మరీ లెక్క చెప్పుకుంటున్నారు. నాకు అర్థమైనంతవరకు తేడా ఏంటంటే, పెళ్ళి వయసు చట్టంలో పదో తరగతి సర్టిఫికెట్ అనే సాక్ష్యం ఉంది, ఆపడానికి ఒక అధికారి ఉన్నాడు, కట్నంలో ఇద్దరూ దోషులే కాబట్టి నోరు విప్పేవాడు లేడు. ఫిర్యాదు చేసిన బాధితుల మీద కేసు పెట్టకూడదని తర్వాత సవరణ వచ్చింది గానీ ఆ సంగతి ఊళ్ళలో ఎవరికి తెలుసు. అంటే జనం మనసు ఒక్కటే కాదు, చట్టం ఎలా కట్టారన్నది కూడా అంతే ముఖ్యం.

ఇప్పుడు మనవైపు అస్సలు మాట్లాడని విషయానికి వస్తాను. మగాడు మగాణ్ణి, ఆడది ఆడదాన్ని ఇష్టపడటం. 1860లో ఇంగ్లీషువాళ్ళు రాసిన శిక్షాస్మృతిలో 377 సెక్షన్ పెట్టారు, ప్రకృతి విరుద్ధం అనే మాటతో, యావజ్జీవం దాకా శిక్ష. దీని కింద జైలుకెళ్ళినవాళ్ళు తక్కువే, అందుకని పోనీలే కాగితం మీద ఉన్న సెక్షనే కదా అనేవాళ్ళు ఉండేవారు. ఆ సెక్షన్ పని జైల్లో కాదు, బయట చేసేది. 2016లో మా వీధి కుర్రాడొకడు, వైజాగ్‌లో పనిచేసేవాడు, ఫోన్లో పరిచయమైనవాడు రమ్మంటే వెళ్ళాడు, అక్కడ ముగ్గురున్నారు, వీడియో తీశారు, ఏటీఎంకి తీసుకెళ్ళి ఉన్నదంతా లాక్కున్నారు, తర్వాత కూడా నెలనెలా అడిగేవారు. స్టేషన్‌కి వెళ్దాం పద అంటే "అన్నా, దోచుకున్నది వాళ్ళయినా అక్కడ నేరస్తుణ్ణి నేనే అవుతాను" అన్నాడు. వాడన్నది అక్షరాలా చట్టమే. 2009 జూలై 2న ఢిల్లీ హైకోర్టు నాజ్ ఫౌండేషన్ కేసులో ఇష్టపడి కలిసిన పెద్దవాళ్ళకి ఆ సెక్షన్ వర్తించదంది, 2013 డిసెంబర్ 11న సుప్రీంకోర్టు ఆ తీర్పు కొట్టేసి మళ్ళీ నేరం చేసింది, 2018 సెప్టెంబర్ 6న నవతేజ్ సింగ్ జోహార్ కేసులో అయిదుగురు జడ్జిలు ఒక్కమాటగా నేరం కాదన్నారు. ఒకే మనిషి ఇల్లు కదలకుండా తొమ్మిదేళ్ళలో నేరస్తుడు, కాదు, అవును, కాదు అయ్యాడు. ఆ తీర్పులో జస్టిస్ ఇందూ మల్హోత్రా చరిత్ర ఈ మనుషులకి క్షమాపణ బాకీ ఉందని రాశారు. ఆ మాట మా వీధి కుర్రాడికి చదివి వినిపించాను, వాడేం మాట్లాడలేదు, రెండోసారి చదవమన్నాడు.

2024 జూలై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత వచ్చింది, అందులో 377 మొత్తానికే లేదు. సంతోషమే కదా అనుకుంటాం, కానీ పెద్ద వయసు మగవాడి మీద బలవంతంగా అత్యాచారం జరిగితే ఇదివరకు ఆ సెక్షన్ కిందే కేసు పెట్టేవాళ్ళు, కొత్త చట్టంలో అత్యాచారం అంటే ఆడమనిషి మీద మగాడు చేసేదే, కాబట్టి ఇప్పుడు అలాంటివాడికి సరిగ్గా సరిపోయే సెక్షనే లేకుండా పోయింది. అదే సంహితలో పద్దెనిమిదేళ్ళు నిండిన భార్య మీద భర్త బలవంతం చేస్తే అది అత్యాచారం కిందకి రాదనే మినహాయింపు మాత్రం పాతదాన్నుంచి జాగ్రత్తగా తెచ్చుకున్నారు. ఏది వదిలేశారో ఏది ఉంచుకున్నారో చూస్తే రాసినవాళ్ళ మనసులో ఎవరున్నారో తెలుస్తది.

ట్రాన్స్ వాళ్ళ సంగతి ఇంకో చిక్కు. మన ఉత్తరాంధ్ర ఊళ్ళలో ఆడే తూర్పు భాగవతంలో మగాడు జడ వేసుకుని సత్యభామ వేషం కడితే ఊరంతా తెల్లవార్లూ కూర్చుని చూస్తాం, ఈల వేస్తాం, వేషం తియ్యని మనిషి పక్కింట్లో ఉంటే మాత్రం బతకనివ్వం. 2014 ఏప్రిల్ 15న నల్సా, అంటే జాతీయ న్యాయసేవల సంస్థ, వేసిన కేసు తీర్పులో సుప్రీంకోర్టు మనిషి తన జెండర్ తానే చెప్పుకోవచ్చు, ఆపరేషన్ అడగకూడదు అంది. 2019లో పార్లమెంటు చట్టం చేసి 2020 జనవరి 10 నుంచి అమల్లోకి తెచ్చింది, అందులో కలెక్టర్ సర్టిఫికెట్ ఇవ్వాలి అన్నారు, ఆడ లేదా మగ అని రాయించుకోవాలంటే ఆపరేషన్ కాగితం కావాలన్నారు. తీర్పు ఇచ్చింది ఒకటి, చట్టం రాసింది ఇంకోటి. ట్రాన్స్ మనిషి మీద లైంగిక దాడి చేస్తే ఆ చట్టంలో 2019లో రాసిన శిక్ష ఆరు నెలల నుంచి రెండేళ్ళు, ఆడమనిషి మీద అత్యాచారానికి కనీసం పదేళ్ళు. ఒళ్ళు ఒకటే, నొప్పి ఒకటే, రేటు వేరు, ఇంతకంటే సూటిగా చట్టం ఒక మనిషి విలువ ఇంత అని చెప్పడం నేనెక్కడా చూళ్ళేదు.

మంచి కూడా చెప్పాలి. 2025 జూన్‌లో మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, మగాణ్ణి పెళ్ళి చేసుకున్న ట్రాన్స్ మహిళ భర్తా అత్తింటివాళ్ళూ పెట్టే హింస మీద ఉన్న 498ఏ సెక్షన్ కింద కేసు పెట్టుకోవచ్చు, పిల్లల్ని కనలేదు కాబట్టి ఆడది కాదు అనడం కుదరదు అంది. ఆ కేసు ఆధారాలు చాలక నిలబడలేదు గానీ ఆ మాట నిలబడింది. నాకు దీంట్లో నచ్చింది ట్రాన్స్ వాళ్ళ సంగతి ఒక్కటే కాదు, పిల్లలు పుట్టని ప్రతి కోడల్నీ మన ఊళ్ళలో ఏమంటారో వింటూ పెరిగినవాణ్ణి, ఆ మాట వాళ్ళక్కూడా చెందుతుంది. అలాగే మన రాష్ట్రంలో ట్రాన్స్ వాళ్ళకి 2024 నుంచి నెలకి 4,000 పింఛను ఇస్తున్నారు, కాగితాలు సరిపోయిన ఒక అక్క మొదటి నెల డబ్బు అందాక మా షాపుకి పకోడీ పొట్లం పట్టుకొచ్చింది. ఆధార్‌లో పాత పేరు, రేషన్ కార్డులో అసలు పేరే లేదు, ఆవిడ కాగితాలు ఒక దారికి రావడానికి నాకు ఏడు నెలలు పట్టింది.

చివరిగా ఆ ఇద్దరు ఆడవాళ్ళు. ఒకావిడ టీచరు, ఇంకొకావిడ టైలరింగ్, ఊళ్ళో అందరూ వరసకి అప్పాచెల్లెళ్ళు అనుకుంటారు, వాళ్ళూ అలాగే అననిచ్చారు. రెండేళ్ళ కిందట టీచరు గారికి పిత్తాశయంలో రాళ్ళకి ఆపరేషన్ అయితే ఆసుపత్రిలో సంతకం పెట్టాలి, "పేషెంట్‌కి ఏమవుతారు" అని అడిగారు, టైలరావిడ "సెల్లిని" అంది. ఆధార్ చూపించమన్నారు, ఇంటిపేరు, తండ్రి పేరు కలవలేదు, సొంతవాళ్ళని పిలవమన్నారు. పదకొండేళ్ళుగా మాట్లాడని అన్నయ్య శ్రీకాకుళం నుంచి వచ్చేదాకా టీచరు గారు నొప్పితో పడుకునే ఉన్నారు. వాళ్ళిద్దరూ నేరస్తులు కాదు, 2018లోనే తేలిపోయింది. కానీ నేరం కాకపోవడం వేరు, ఏమైనా అవ్వడం వేరు. 2023 అక్టోబర్ 17న సుప్రియో కేసులో సుప్రీంకోర్టు పెళ్ళి ప్రాథమిక హక్కు కాదు, ఇలాంటి జంటలకి పెళ్ళి గుర్తింపు ఇవ్వాలా వద్దా పార్లమెంటే చూసుకోవాలంది, కష్టాలేంటో చూడటానికి క్యాబినెట్ సెక్రటరీ కింద కమిటీ వేయమంది. 2024లో కేంద్రం రాష్ట్రాలకి, బ్యాంకులకి ఉత్తరాలు రాసింది, రేషన్ కార్డులో ఒకే కుటుంబంగా చూడండి, జాయింట్ అకౌంట్ తెరవనివ్వండి, నామినీగా పెట్టుకోనివ్వండి, దగ్గర బంధువులు లేకపోతే శవాన్ని తీసుకోనివ్వండి అని. నేను ఆ ఉత్తరం ప్రింట్ తీసి ఇచ్చాను, అదెక్కడ చూపించినా ఇదేంటి మాకు రాలేదే అన్నవాళ్ళే గానీ తీసుకున్నవాళ్ళు లేరు.

అందుకని వాళ్ళిద్దరూ మొన్న మా షాపుకి వచ్చింది వీలునామాలు రాయించుకోడానికి, ఒకరి పేరున ఒకరు. వీలునామాకి బంధుత్వం అక్కర్లేదు, ఎవరికి ఇచ్చినా చెల్లుద్ది, తెలివిలో ఉండి రాసి ఇద్దరు సాక్షులు సంతకం పెడితే చాలు, రిజిస్ట్రేషన్ కూడా తప్పనిసరి కాదు, చేయిస్తే మంచిది. మా సారు అలవాటు కొద్దీ "ఏమవుతారని రాయమంటారు" అని అడిగారు. టీచరు గారు కాసేపు ఏమీ అనలేదు, టైలరావిడ కిటికీ వైపు చూస్తుంది. నేను అడక్కుండానే "నాతో కలిసి 19 సంవత్సరములుగా ఒకే ఇంట నివసించుచున్న" అని కొట్టి స్క్రీన్ వాళ్ళ వైపు తిప్పాను. టీచరు గారు కళ్ళజోడు పెట్టుకుని చదివి, "19 కాదు బాబూ, పుష్యమాసానికి 20 నిండుతాయి" అన్నారు. మార్చి ప్రింట్ తీశాను.